కథ, కవిత్వం, యాత్ర కలిపి పది పుస్తకాలు: ఏవి తీసుకోవాలి, ఎలా చదవాలి?

మీరు అడిగింది క్లుప్తంగా ఇదీ: ఇన్నేళ్లూ నవలలే చదివారు. ఈ ఏడాది కథలు, కవిత్వం, యాత్రా పుస్తకాలు కలిపి తెలుగులో ఓ పది చదవాలని ఉంది. పోయినేడాది మొదలుపెట్టారు కానీ కవితల పుస్తకం రెండు రోజులకే పక్కన పెట్టేశారు, యాత్రా పుస్తకం నలభయ్యో పేజీ దాటలేదు. "నాకు ఈ రెండూ పడవా, లేక పుస్తకాలే తప్పుగా ఎంచుకున్నానా?" అని మీ సందేహం.

రెండూ కాదండీ. నవలని చదివినట్టే ఆ రెండిటినీ చదివారు, అక్కడ వచ్చింది చిక్కు. నవల మనల్ని లాక్కుపోతుంది. తర్వాత ఏమైందో తెలియాలన్న ఆత్రం పేజీ తిప్పిస్తుంది. కవిత అలా లాగదు, ఆగమంటుంది. యాత్రా పుస్తకంలో "తర్వాత ఏమైంది" అనే ప్రశ్నకి దాదాపు ఎప్పుడూ ఒకటే జవాబు: తర్వాత ఇంకో ఊరొచ్చింది. ఆ ఊళ్లని ఒకే రోజు పాతిక దాటేస్తే ఎవరికైనా విసుగొస్తుంది.

నా సలహా: నాలుగు కథాసాహిత్యం, మూడు కవిత్వం, మూడు యాత్ర. ఒకటి అయ్యాక ఇంకొకటి అని వరసపెట్టకండి. జంటలుగా తీసుకోండి, ఒక కవిత్వ పుస్తకం మాత్రం ఎప్పుడూ తెరిచే ఉంచండి. పేర్లు కింద చెప్తాను. ముందు ఈ జంటల సంగతి ఎందుకంటున్నానో చెప్పాలి.

నేను చాలాకాలం లైబ్రరీలో పనిచేశాను, ఇరవై ఏళ్లుగా ఒక చిన్న చదువరుల బృందాన్ని నడుపుతున్నాను. లైబ్రరీలో తిరిగొచ్చిన పుస్తకాన్ని మూసి, పేజీల అంచు చూడడం నాకు అలవాటైంది. నవలైతే వేళ్ల మరకలు మొదటి నుంచి చివరి దాకా ఒకేలా ఉంటాయి. యాత్రా పుస్తకాల్లో మొదటి పాతిక ముప్పై పేజీల అంచు మసకగా ఉండి, అక్కడి నుంచి కాగితం తెల్లగా ఉంటుంది. కవితా సంపుటాల తీరు ఇంకోలా ఉంటుంది. నాలుగైదు చోట్ల మాత్రం బాగా నలిగి, పుస్తకం దానంతటదే ఆ పేజీల దగ్గర తెరుచుకుంటుంది. కవిత్వాన్ని మొదటి పేజీ నుంచి చివరి పేజీ దాకా ఎవరూ చదవడం లేదని, చదివేవాళ్లు తమకి కావలసిన నాలుగు కవితల దగ్గరికే మళ్లీ మళ్లీ వస్తున్నారని ఆ అంచులు చూశాకే నాకు అర్థమైంది. మీరు "పూర్తిచేయలేకపోయాను" అన్నారే, కవిత్వానికి ఆ లెక్క అసలు వర్తించదు.

అందుకే కవిత్వంతో మొదలుపెడతాను.

మొదటిది శ్రీశ్రీ *మహాప్రస్థానం*. పుస్తకంగా 1950లో వచ్చింది, కవితలు చాలావరకు 1930లలో రాసినవి. అందరికీ తెలిసిన పుస్తకమే కదా అనుకోవచ్చు. తెలిసింది పేరూ, సభల్లో వినిపించే నాలుగు పాదాలూ. పుస్తకం మొత్తం గొంతెత్తి చదివినవాళ్లు నాకు అరుదుగానే కనిపించారు. గొంతెత్తి చదవాలి, అది సలహా కాదు, షరతు. ఆ గేయాలకి మాత్రల లెక్క, అంటే ఒక్కో అక్షరం పలకడానికి పట్టే కాలం లెక్క, ఉంది. మనసులో చదివితే కళ్లు ఆ లెక్కని మింగేస్తాయి. పైకి చదివితే ఎక్కడ ఊపిరి తీసుకోవాలో పాదమే చెప్తుంది. ముందుమాటగా చలం రాసిన "యోగ్యతాపత్రం" ఉంటుంది. అద్భుతమైన ముందుమాట అది, అందుకే దాన్ని చివర్లో చదవండి. ముందే చదివితే శ్రీశ్రీ కవితల్ని చలం కళ్లతో చూస్తారు. మీ కళ్లతో ఒకసారి చూశాక, ఆయన ఎక్కడ మీతో కలిశాడో ఎక్కడ విడిపోయాడో చూసుకోవడంలో ఉన్న ఆనందం వేరు.

రెండోది దేవరకొండ బాలగంగాధర తిలక్ *అమృతం కురిసిన రాత్రి*. ఆయన 1966లో పోయారు, పుస్తకం 1968లో వచ్చింది. ఇది వచన కవిత్వం. శ్రీశ్రీ గేయానికి పనికొచ్చిన చెవి ఇక్కడ కొంచెం మార్చుకోవాలి. మాత్రల దెబ్బ ఉండదు, వాక్యం ఎక్కడ విరిగిందో గమనించాలి. ఇందులో "తపాలా బంట్రోతు" అనే కవిత ఉంది. ఊరంతా తిరుగుతూ అందరి కబుర్లూ మోసే మనిషి గురించి. దాన్ని గుర్తుపెట్టుకోండి, మళ్లీ దాని దగ్గరికి వస్తాను.

మూడోది జాషువా *గబ్బిలం*, 1941. ఇది పద్యకావ్యం. దీన్ని ఇప్పుడే మొదలుపెట్టకండి, దీనికో జంట ఉంది.

పద్ధతి సంగతి. రోజుకి ఒకటే కవిత. రెండుసార్లు పైకి చదవండి. మర్నాడు కొత్తదానికి వెళ్లేముందు నిన్నటిది ఇంకోసారి. అంతే, పది నిమిషాలు కూడా పట్టదు. అర్థంకాని మాట ఉంటే మొదటి రోజు నిఘంటువు తీయకండి. రెండో రోజుకీ ఆ మాట అడ్డంగానే ఉంటే అప్పుడు చూడండి. మా బృందంలోకి ఒక అకౌంటెంట్ గారు వచ్చారు. "కవిత్వం నా తలకెక్కదు, నన్ను అడగొద్దు" అని మొదటిరోజే చెప్పేశారు. నేను ఆయన్ని అభిప్రాయం అడగలేదు. వారానికి ఒక కవిత చేత్తో నోట్‌బుక్‌లో రాసుకురమ్మన్నాను, చూసి రాయడమే. మూడో వారం ఆయన వచ్చి ఒక పాదం చూపించి, ఇక్కడ కవి ఈ మాటకి బదులు మామూలుగా అందరూ వాడే ఇంకో మాట పెట్టి ఉంటే లయ సరిపోయేది కానీ కోపం పోయేది అన్నారు. రాస్తున్నప్పుడు ఆయన చెయ్యి పొరపాటున ఆ మామూలు మాటనే రాసిందట, కొట్టేసి మళ్లీ రాశారు. ఆ కొట్టివేత దగ్గర ఆయనకి కవిత్వం దొరికింది. కంటితో చదివితే జారిపోయే తేడా చేత్తో రాస్తే ఆపేస్తుంది.

ఇప్పుడు యాత్రలు. మీరు ఆగిపోయింది ఇక్కడే కాబట్టి కాస్త ఎక్కువ చెప్తాను.

ముందుగా ఏనుగుల వీరాస్వామయ్య *కాశీయాత్ర చరిత్ర*. ఆయన మద్రాసు సుప్రీంకోర్టులో హెడ్ ఇంటర్‌ప్రెటర్. 1830 మే 18న మద్రాసులో బయలుదేరి, హైదరాబాదు, నాగపూరు మీదుగా కాశీ చేరి, కలకత్తా, పూరీ మీదుగా తీరం వెంబడి 1831 సెప్టెంబరు 3న తిరిగి వచ్చారు. పదిహేను నెలల పైన. దారిలో చూసింది చూసినట్టు రాసి స్నేహితుడికి పంపుతూ వచ్చారు. ఆ స్నేహితుడు, కోమలేశ్వరపురం శ్రీనివాసపిళ్లె, 1838లో అచ్చు వేయించారు. రైలు లేదు, ఫొటో లేదు. భాష చూస్తే ఆశ్చర్యం వేస్తుంది. వ్యావహారిక భాష కోసం ఉద్యమం నడవడానికి ఎన్నో దశాబ్దాల ముందే ఒక ఉద్యోగి తను మాట్లాడే తెలుగుకి దగ్గరగా ఉన్న తెలుగులో ఇంత పెద్ద పుస్తకం రాశాడు.

కానీ నిజం చెప్పాలి: దీన్ని నవలలా చదివితే నలభయ్యో పేజీ దాటరు. ఫలానా ఊరు, దిగడానికి చోటుందా, నీళ్లున్నాయా, అంగళ్లున్నాయా, దారి ఎలా ఉంది, మళ్లీ ఇంకో ఊరు. ఆయన తన తర్వాత వెళ్లేవాళ్లకి పనికిరావాలని రాశాడు. మనం ఆ దారిలో వెళ్లేవాళ్లం అయితే తప్ప ఆ వివరాలు మనకి అంటవు. అందుకని ఆయనతో పాటు నడవండి: వారానికి నాలుగైదు మజిలీలు, పక్కన మ్యాపు. మా బృందంలో రిటైరైన టీచర్ గారు ఒకావిడ పెద్ద మ్యాపు మీద ట్రేసింగ్ పేపర్ పరిచి, ఆయన రాత్రి ఆగిన ప్రతి ఊరికీ పెన్సిల్‌తో చుక్క పెట్టారు. కొన్ని ఊళ్ల పేర్లు మారిపోయాయి, కొన్ని దొరకనే లేదు, అక్కడ ప్రశ్నార్థకం పెట్టారు. నెల తిరిగేసరికి ఆ కాగితం మాకు పుస్తకం కన్నా ఎక్కువ చెప్పడం మొదలుపెట్టింది. చుక్కలు దూరదూరంగా ఉన్నచోట దారి చదును. దగ్గర దగ్గరగా గుమిగూడినచోట కొండో అడవో వానో ఉంటుంది. ఆ గుంపుల దగ్గర పుస్తకం తీసి చూస్తే ఆయన వాక్యాల్లో అలసట కనిపించేది. మొదటిసారి చదివినప్పుడు ఆ అలసటని మేమంతా "బోరు" అనుకుని దాటేశాం. ఈ పుస్తకం తెలుగు వికీసోర్స్‌లో కూడా ఉంది, కొనేముందు పది పేజీలు చదివి చూసుకోవచ్చు.

రెండో యాత్ర జపాన్ కవి బషోది, *ఓకు నో హొసోమిచి*. లోలోపలి ప్రాంతాలకి సన్నని బాట అని ఆ పేరు చెప్తుంది. 1689లో ఉన్న గుడిసె వదిలేసి, శిష్యుడు సోరాని వెంటబెట్టుకుని ఉత్తరాదికి నడిచాడు. సుమారు అయిదు నెలలు, 2,400 కిలోమీటర్ల దాకా. పుస్తకం మాత్రం చిన్నది, ఒక ఆదివారం పూట అయిపోతుంది. వచనం నడుస్తూ నడుస్తూ ఒక చోట ఆగి మూడు పాదాల హైకూ అవుతుంది. మీరు వేరువేరు పెట్టెల్లో పెట్టుకున్న కవిత్వమూ యాత్రా ఇక్కడ ఒకే పుస్తకం.

ఇక్కడే ఒక ముఖ్యమైన మాట. బషో తిరిగొచ్చాక ఆ చిన్న పుస్తకాన్ని ఏళ్ల తరబడి చెక్కాడు. ఆయన 1694లో పోయారు, అచ్చయింది 1702లో. అయితే సోరా కూడా రోజూ డైరీ రాసుకున్నాడు. అది 1943లో వెలుగులోకి వచ్చింది. రెండూ పక్కపక్కన పెట్టి చూస్తే తేదీలు కలవవు, సంఘటనలు కలవవు. దారి తప్పి ఇషినోమాకి రేవుకి చేరామని బషో రాశాడు. సోరా డైరీ ప్రకారం అది ముందే అనుకుని వెళ్లిన చోటు. అంటే బషో అబద్ధమాడాడా? ఈ ప్రశ్న మీద మా బృందంలో గట్టిగా వాదించుకున్నాం. నా అభిప్రాయం చెప్తాను: దారి తప్పిన మనిషికి ఆ రేవు ఎలా కనిపిస్తుందో అది ఆయనకి కావలసి వచ్చింది, అందుకని తప్పిపోయాడు. సోరా దగ్గర దారి ఉంది, బషో దగ్గర ప్రయాణం ఉంది. ఒప్పుకోని వాళ్లు మా దగ్గర ఇప్పటికీ ఉన్నారు.

కాబట్టి యాత్రా పుస్తకాన్ని సాక్ష్యంలా చదవకండి. మార్కో పోలో తన ప్రయాణాల్ని 1298 ప్రాంతంలో జెనోవా చెరలో ఉండగా చెప్తే, రాసినవాడు రుస్తికెల్లో, వీరగాథలు రాసే రచయిత. మొరాకో యాత్రికుడు ఇబ్న్ బతూతా 1325లో ఇరవై ఒకటో ఏట ఇల్లు వదిలి, దాదాపు ముప్పై ఏళ్లు తిరిగి, చివర్లో ఇబ్న్ జుజయ్ అనే పండితుడి చేత రాయించాడు. అందులో డమాస్కస్ వర్ణన చాలావరకు అంతకుముందరి యాత్రికుడు ఇబ్న్ జుబైర్ పుస్తకం నుంచి వచ్చిందని పండితులు తేల్చారు. వీటిని మీ పదిలో పెట్టలేదు, బరువు ఎక్కువ. కానీ ఎప్పుడైనా చేతికొస్తే, చూసింది ఎవరు, రాసింది ఎవరు అని మొదటి పేజీలోనే అడగండి.

మూడో యాత్రగా ఆచార్య ఆదినారాయణ *భ్రమణకాంక్ష*. మన కాలంలో కాలినడకన తిరిగిన మనిషి రాసింది. వీరాస్వామయ్య పల్లకీ వేగం, బషో వేగం చూశాక మనం ఎరిగిన దారుల మీద నడక ఎలా ఉంటుందో తెలుస్తుంది. దీని గురించి ఎక్కువ చెప్పక్కర్లేదు, తనంతట తనే చదివిస్తుంది.

ఇప్పుడు గబ్బిలానికి జంట. అది వీరాస్వామయ్య కాశీయాత్రే.

*గబ్బిలం*లో కథానాయకుడు అంటరానివాడని ఊరు దూరం పెట్టిన పేదవాడు. తన గోడు కాశీ విశ్వనాథుడికి చెప్పుకోవాలి. గుళ్లోకి అతన్ని రానివ్వరు. గబ్బిలాన్ని రానిస్తారు, అది గర్భగుడి చూరుకే వేలాడుతుంది. అందుకని ఆ రాత్రి తన గుడిసెలోకి వచ్చిన గబ్బిలానికి కబురు అప్పజెప్తాడు. దారి కూడా చెప్తాడు. ఈ ఎత్తు కాళిదాసు *మేఘసందేశం* నుంచి వచ్చింది. అక్కడ యక్షుడు మేఘానికి దారి చెప్తూ, నీ దారికి కాస్త వంకరే అయినా ఉజ్జయిని మాత్రం చూడకుండా వెళ్లకు అంటాడు. ఎవరికీ తొందర లేని ప్రయాణం అది. జాషువా అదే మూసలో ఆకలినీ అవమానాన్నీ పోశాడు.

1830లో ఒకాయన పల్లకీలో, వంద మంది దాకా పరివారంతో అదే కాశీకి వెళ్లాడు. మంచివాడు, తెలివైనవాడు, దారి పొడుగునా ఎదుటివాళ్ల కష్టసుఖాలు కనిపెట్టినవాడు. 1941లో వచ్చిన కావ్యంలో ఒక మనిషి అదే ఊరికి తన బదులు గబ్బిలాన్ని పంపాల్సి వచ్చింది. ఈ రెండు పుస్తకాలూ విడివిడిగా చాలాసార్లు చదివాను నేను. పక్కపక్కన పెట్టి చదివిన ఏడాది మాత్రం కాశీయాత్రలో అంతవరకూ నా కళ్లు జారిపోయిన చోట ఆగాయి: పల్లకీ మోసిన బోయీల దగ్గర. నడిచింది వాళ్లు. వాళ్ల యాత్రా పుస్తకం లేదు. మీకు పది పుస్తకాలూ చదివే వీలు లేక రెండే చదువుతానంటే, ఈ రెండే చదవమంటాను.

కాశీయాత్ర ఉత్తరాది మజిలీల్లోకి వచ్చాక *గబ్బిలం* తెరవండి. పద్యాలు కష్టమనే భయం వద్దు. జాషువా పద్యం పైకి చదివితే మూడొంతులు వెంటనే అందుతుంది, మిగతాదానికి తాత్పర్యం ఉన్న ప్రతి తీసుకోండి.

ఇక్కడ తిలక్ "తపాలా బంట్రోతు" మళ్లీ చదవండి. మేఘం, గబ్బిలం, తపాలా మనిషి: ముగ్గురూ వేరేవాళ్ల కబురు మోసేవాళ్లే. ఈ వరస ఎవరూ నాకు చెప్పలేదు, పుస్తకాలు ఒకే బల్ల మీద ఉండడం వల్ల కనిపించింది. మూడు రకాలూ కలిపి చదవమని నేను పట్టుబట్టేది ఇలాంటి వాటి కోసమే. మీ బల్ల మీద మీకు ఇంకోటి కనిపిస్తుంది.

కథల సంగతి మీకు నేను పెద్దగా చెప్పక్కర్లేదు, నవలలు చదివిన చెయ్యి. అయితే కథ చదవడం నవల చదవడం ఒకటి కాదని మాత్రం గుర్తుంచుకోండి. రోజుకి ఒకటికి మించి కథ చదవకండి. నవల అలవాటున్నవాళ్లు కథల సంపుటిని అధ్యాయాల్లా చదువుకుంటూ పోతారు. రెండో కథ మొదటిదాన్ని చెరిపేస్తుంది.

మొదట గురజాడ కథలు. "దిద్దుబాటు" 1910లో వచ్చింది. ఒక తలుపుతో మొదలవుతుంది. రాత్రి ఒంటిగంటకి ఇల్లు చేరిన భర్త తలుపు కొడతాడు, లోపల్నుంచి పలుకు లేదు. ఆ తలుపు వెనక ఏముందో, భార్య కమలిని ఏం చేసిందో మీరే చదవండి. నేను చూడమనేది ఒకటే: అంత చిన్న కథలో నీతి చెప్పే ఉపన్యాసం ఎక్కడుందో వెతకండి. భర్త కళ్లు తెరిపించాలన్నది కథ ఉద్దేశం, అయినా ఆ పని ఉత్తరంతో, ఖాళీ ఇంటితో, చివర్లో వినిపించే నవ్వుతో జరిగిపోతుంది. వందేళ్లు దాటినా మనలో చాలామంది రాసేవాళ్లకి ఇంకా చేతకాని పని అది.

రెండోది పాలగుమ్మి పద్మరాజు కథలు. "గాలివాన"కి 1952లో న్యూయార్క్ హెరాల్డ్ ట్రిబ్యూన్ నిర్వహించిన ప్రపంచ కథల పోటీలో రెండో బహుమతి వచ్చింది. రైల్లో బయలుదేరిన రావుగారు, జీవితాన్ని నియమాలతో కట్టుకున్న మనిషి, తుపాను రాత్రి ఒక చిన్న స్టేషన్లో బిచ్చగత్తెతో చిక్కుపడతాడు. ఇదీ ప్రయాణమే. దీన్ని బషో పక్కన చదివితే, ప్రయాణం మధ్యలో ఆగిపోవడం రచయితలకి ఎంత పనికొస్తుందో తెలుస్తుంది.

మూడోది కాళీపట్నం రామారావు *యజ్ఞంతో తొమ్మిది*. ఇందులో "యజ్ఞం" ఒక్కటి చాలు మీ నెల తినేయడానికి. 1964లో వచ్చిన ఈ పెద్ద కథలో జరిగేదల్లా ఒక అప్పు మీద పంచాయితీ. అప్పు తీర్చాలా వద్దా, తీరిస్తే ఎలా. కానీ చదువుతున్నంతసేపూ ఎవరు మాట్లాడితే వాళ్లదే న్యాయంగా కనిపిస్తుంది. మా బృందంలో దీనికి మూడు వారాలు పట్టింది. మొదటి వారం అందరూ ముగింపు గురించే మాట్లాడారు, తట్టుకోవడం కష్టమైన ముగింపు అది. రెండో వారం పంచాయితీలో ఒక్కొక్కరి వాదన ఒక్కో కాగితం మీద రాసి, పేర్లు కొట్టేసి, కలిపేసి చదివాం. ఏ వాదన ఎవరిదో చెప్పడం తేలికే. ఏ వాదన తప్పో చెప్పడం దగ్గరే నోళ్లు పడిపోయాయి. మూడో వారానికి సొంత ఇళ్లల్లోని అప్పుల గురించి మాట్లాడడం మొదలుపెట్టారు. దీన్ని *గబ్బిలం* అయిన వెంటనే చదవమంటాను.

నాలుగోది నవల, గోపీచంద్ *అసమర్థుని జీవయాత్ర*. పేరులో యాత్ర ఉంది కానీ సీతారామారావు కదిలేది ఎక్కువగా తన తలలోనే. చివరికి పెట్టుకోండి. ఒక హెచ్చరిక: మనసు బాగోలేని రోజుల్లో ఇది వద్దు. మా సభ్యుల్లో ఒకరు కుటుంబంలో కష్టకాలంలో చదివి చాలా కుంగిపోయారు, ముందే చెప్పలేదే అని నేను బాధపడ్డాను. అప్పటి నుంచి ఎవరికి ఇచ్చినా ముందు ఈ మాట చెప్పే ఇస్తున్నాను.

వీటిలో ఏదైనా దొరక్కపోతే బదులుగా రాహుల్ సాంకృత్యాయన్ *వోల్గా నుంచి గంగకు* తీసుకోండి. టిబెట్‌కి నాలుగుసార్లు వెళ్లొచ్చిన యాత్రికుడు రాసిన కథలు. క్రీస్తుపూర్వం 6000 నుంచి 1942 దాకా ఇరవై కథల్లో కాలంలోనే ప్రయాణం చేయిస్తాడు. చరిత్ర పాఠంగా తీసుకోవద్దు, చాలాచోట్ల ఆయన ఊహే నడిచింది. చాగంటి తులసి గారి తెలుగు హాయిగా సాగుతుంది.

కొనేముందు చూసుకోవలసినవి కొన్ని ఉన్నాయి. వీటి దగ్గర నేను నష్టపోయాను కాబట్టి చెప్తున్నాను. ఒకసారి ఓ విదేశీ యాత్రా పుస్తకం తెలుగు అనువాదం మా అందరికీ కలిపి తెప్పించాను. సగం చదివాక ఒక సభ్యురాలు ఇంగ్లీషు ప్రతి తెచ్చి, మా పుస్తకంలో లేని ఒక అధ్యాయం చదివి వినిపించారు. ఆ యాత్రికుడు జబ్బుపడి, పరాయి ఊళ్లో ఎవరో తెలియని మనుషుల దయ మీద బతికిన అధ్యాయం. మా ప్రతిలో ఆ వారాలే లేవు, ఒక ఊరి నుంచి ఇంకో ఊరికి చక్కగా వెళ్లిపోయాడు. "సంక్షిప్తం" అని అట్ట మీద కాదు కదా, లోపలి పేజీలో కూడా వేయలేదు. అప్పటి నుంచి యాత్రా పుస్తకం చేతికొస్తే ముందు తేదీలు చూస్తాను. రెండు పేజీల మధ్య నెలన్నర ఎగిరిపోతే అక్కడ కత్తెర పడిందేమోనని అనుమానించాలి. అనువాదకుల ముందుమాట ఉందా, ఏ భాష నుంచి చేశారో అందులో చెప్పారా అన్నది రెండో పరీక్ష. జపాన్ పుస్తకం ఇంగ్లీషు మీదుగా తెలుగులోకి వచ్చిందంటే తప్పేం లేదు, కానీ ఆ మాట చెప్పిన అనువాదకుడిని నేను ఎక్కువ నమ్ముతాను. బషోకి ఒకటి కన్నా ఎక్కువ అనువాదాలు దొరికితే, ఒకే హైకూని రెండిట్లో చూసి మీ చెవికి నచ్చింది తీసుకోండి.

కవిత్వానికి అచ్చు ముఖ్యం. కాగితం ఆదా కోసం ఒక కవిత కింద ఇంకోటి ఇరికించిన ప్రతి కొనకండి. కవిత తర్వాత ఖాళీ లేకపోతే కళ్లు ఆగవు, మీరు మళ్లీ నవల వేగంలో పడతారు. ఫోన్లో చదివితే పాదాలు స్క్రీన్ వెడల్పుని బట్టి విరిగిపోతాయి, ఎక్కడ విరిచాడన్నదే కవిత్వం అయినప్పుడు అది పెద్ద నష్టం. కథలూ యాత్రలూ ఫోన్లో చదివినా ఇబ్బంది లేదు.

మానేయడం గురించి కూడా అడిగారు. నవలని యాభై పేజీల తర్వాత మానేయండి, మొహమాటం వద్దు. యాత్రా పుస్తకంలో మానేయకండి, దాటేయండి. రెండు మజిలీలు వదిలి మూడోదానితో కలవొచ్చు, యాత్రికుడు ఏమీ అనుకోడు. కవిత నచ్చకపోతే పేజీ తిప్పండి, ఆరు నెలల తర్వాత అదే కవిత దగ్గరికి ఒక్కసారి తిరిగి రండి.

వరస ఇదీ. మొదటి రెండు నెలలు గురజాడ కథలు, పక్కన *మహాప్రస్థానం*. మూడో నెల నుంచి *కాశీయాత్ర చరిత్ర* మొదలుపెట్టి అయిదారు నెలలు నెమ్మదిగా సాగనివ్వండి. దాని పక్కనే ముందు తిలక్, బషో, పద్మరాజు, ఆ తర్వాత *గబ్బిలం*, వెంటనే "యజ్ఞం". చివర్లో *భ్రమణకాంక్ష*, ఆఖరున గోపీచంద్.

పోయినేడాది నలభయ్యో పేజీ దగ్గర ఆపిన ఆ యాత్రా పుస్తకం పేరు మీరు రాయలేదు. అది ఇంకా ఇంట్లో ఉంటే తీసి, ఆ పేజీలో యాత్రికుడు ఏ ఊళ్లో ఉన్నాడో చూసి, మ్యాపులో ఆ ఊరికి ఒక చుక్క పెట్టండి. అక్కడి నుంచి రోజుకి ఒక్క మజిలీ చొప్పున వారం రోజులు వెళ్లి చూసి, పుస్తకం పేరుతో సహా ఇక్కడ రాయండి. దానికి జంటగా ఏ కవిత్వం సరిపోతుందో చెప్తాను.